గ్యారేజీలో లిటిల్ మోర్టన్ హాల్: 1:50 ప్రాజెక్టు డైరీ

జనవరి

ఈ ఏడాది గ్యారేజీలో కట్టబోయేది లిటిల్ మోర్టన్ హాల్. ఇంగ్లండ్‌లోని చెషైర్ కౌంటీలో, కాంగిల్‌టన్ ఊరికి ఏడు కిలోమీటర్ల దూరంలో, ఎ34 రోడ్డు పక్కన ఉంటుంది. మేముండే స్టోక్ వైపు నుంచి కారులో దగ్గరే. ఈ ఇంటిని చూసినవాళ్లు ఎవరైనా మొదట అనే మాట "ఇదింకా పడిపోలేదేం?" అని. మూడంతస్తుల కర్ర ఇల్లు. కింది అంతస్తు కన్నా పైది ముందుకి, దానికన్నా ఆ పైది ఇంకాస్త ముందుకి తోసుకొచ్చి, నెత్తిన రాతి పలకల కప్పు మోస్తూ, ఎక్కడా ఒక్క గీత తిన్నగా లేకుండా అగడ్త ఒడ్డున నిలబడి ఉంటుంది. నాలుగు వందల ఏళ్లకి పైగా అలాగే ఉంది.

నా ఉద్యోగం స్ట్రక్చరల్ ఇంజనీరింగ్. పగలంతా ఉక్కు, కాంక్రీటు. అక్కడ గోడ వంగితే ఫోన్లు మోగుతాయి, ఉత్తరాలు నడుస్తాయి. ఇక్కడేమో వంగిన గోడ చూడ్డానికి జనం టికెట్టు కొనుక్కుని వస్తారు. ఆ వంకర ఎక్కడ మొదలైంది, ఎవరి హయాంలో ఎంత చేరింది అన్నది చేత్తో కట్టి చూడాలని నా ఆశ.

అందుకే ఒక షరతు పెట్టుకున్నాను. ఇవాళ ఉన్న ఇంటి ప్లాను తీసుకుని కింద నుంచి పైకి కట్టను. ఇల్లు ఏ వరసలో పెరిగిందో ఆ వరసలోనే కడతాను. ముందు 1504 నాటి ముక్క, పక్కన 1508 నాటిది, తర్వాత 1546, 1559, 1560-62, ఆఖరికి 1610. కొత్త ముక్క పాతదానికి ఎక్కడ ఆనిందో అక్కడ అతుకు కనబడాలి. పుట్టీ పెట్టి దాచడం లేదు.

స్కేలు 1:50. అగడ్త వెడల్పు 10 మీటర్లు, అంటే బల్ల మీద 20 సెంటీమీటర్లు. మూడో అంతస్తులో ఉండే పొడవాటి గది, లాంగ్ గ్యాలరీ, పొడవు 21 మీటర్లు, అంటే 42 సెంటీమీటర్లు. అగడ్తతో కలిపి బల్ల వేసేసరికి కారు బయటికి పోయింది. ఇంట్లో దీనిమీద చర్చ జరిగింది, తీర్మానం ఇంకా కాలేదు.

కట్టించినవాళ్ల గురించి నాలుగు ముక్కలు రాసిపెట్టుకుంటాను, ముందు ముందు పనికొస్తాయి. మానర్ అంటే ఒక దొర చేతి కింద ఉన్న భూమి మొత్తం: సొంత సాగు, కౌలు పొలాలు, పిండిమర అన్నీ. మానర్ హౌస్ ఆ దొర ఇల్లు, కచేరీ కూడా. కౌలు తగాదాలూ జరిమానాలూ అలాంటి ఇళ్ల పెద్ద హాల్లోనే తేలేవి. మోర్టన్ కుటుంబం ఇక్కడి భూముల్లో 1216 నాటి ఒక పెళ్లితో కుదురుకుంది. తర్వాత మరికొన్ని పెళ్లిళ్లు మరికొన్ని భూములు తెచ్చాయి. 1348లో ప్లేగు వచ్చి దేశం సగం ఖాళీ అయినప్పుడు చౌకగా దొరికిన పొలాలు కొన్నారు. ఎనిమిదో హెన్రీ మఠాలను రద్దు చేసినప్పుడు ఆ భూముల్లోనూ వీళ్లకి వాటా దొరికింది. 16వ శతాబ్దం మధ్యకి 1,360 ఎకరాలు. అంటే ఈ ఇల్లు రాజులు కట్టించింది కాదు, ప్రభువులు కట్టించిందీ కాదు. పక్కవాడి కష్టకాలంలో చేతిలో రొక్కం ఉంచుకున్న ఆసాముల ఇల్లు. డబ్బు వచ్చినప్పుడల్లా ఒక గది పెంచారు. నాకు ఈ ఇల్లు నచ్చడానికి అది కూడా ఒక కారణం.

ఫిబ్రవరి

నమూనాకి ముందు అసలు సైజులో ఒక అతుకు చేసి చూశాను. సామిల్లులో పచ్చి ఓక్ ముక్కలు రెండు అడిగి తెచ్చుకున్నాను, 150 మిల్లీమీటర్ల చదరం. ఈ ఇల్లు కట్టిన ట్యూడర్ రాజుల కాలపు వడ్రంగులు ఓక్‌ని ఎండబెట్టి వాడేవాళ్లు కాదు. ఎండిన ఓక్ ఉలికి లొంగదు. పచ్చిదైతే ఉలి దిగుతుంటే తడి పైకి తేలుతుంది, గ్యారేజీ అంతా పుల్లటి వాసన. ఉలి ఇనుము తగిలినచోట కాసేపట్లోనే నీలం కలిసిన నల్ల మరక. ఓక్‌లో ఉండే టానిన్ అనే వగరు పదార్థం ఇనుముతో కలిసి చేసే పని అది. ఈ మరక సంగతి తర్వాత రంగు వేసేటప్పుడు అక్కరకొస్తుంది.

గుంజకి బెజ్జం తొలిచాను. దూలం కొసని నాలుకలా చెక్కాను. రెండూ కలిపి కుదిరాయో లేదో చూసుకుని, గుంజ పక్క నుంచి 19 మిల్లీమీటర్ల రంధ్రం వేశాను. ఇప్పుడు అసలు కిటుకు. నాలుక మీద ఆ రంధ్రం గుర్తు పెట్టుకుని, దాన్ని బయటికి తీసి, గుర్తుకి 3 మిల్లీమీటర్లు దూలం భుజం వైపు జరిపి విడిగా రంధ్రం వేయాలి. మళ్లీ కలిపితే రెండు రంధ్రాలూ ఎదురెదురుగా ఉండవు. కావాల్సింది అదే. చెక్కమేకు లోపలికి దిగుతూ ఆ రెండింటినీ ఒక వరసలోకి తెచ్చుకోవాలి కాబట్టి, దిగినకొద్దీ నాలుకని బెజ్జంలోకి లాగి బిగిస్తుంది. మేకుని రంపంతో కోయకూడదు, చీల్చాలి. కోస్తే నార తెగుతుంది, దెబ్బకి విరుగుతుంది. చీల్చి, కొస సన్నం చేసి, ఎనిమిది పలకలుగా చెక్కి కొట్టాను. ఆఖరి దెబ్బలకి అతుకులోంచి నీటి బుడగలు వచ్చాయి. జిగురు లేదు, ఇనుప మేకు లేదు. కదిలించి చూశాను, కదల్లేదు.

ఈ దూలం ఇక నా గ్యారేజీలో ఏళ్ల తరబడి ఎండుతుంది. ఓక్ నిలువునా పెద్దగా కుంచించుకోదు, అడ్డంగా కుంచించుకుంటుంది, దాంతోపాటు మెలి తిరుగుతుంది. ఇంటికి వాడిన ప్రతి దూలమూ గోడలో నిలబడ్డాకే ఎండింది. కాబట్టి వంకరలో మొదటి వాటా పచ్చి కర్రది. అది వడ్రంగికి తెలిసిన వాటా. ఎండాక ఇంకా బిగుస్తుందని లెక్కేసుకునే చేసేవాడు.

ఇంకో సంగతి. చట్రం మొత్తం ముందు వడ్రంగి ఆవరణలో నేల మీద పరిచి కూర్చేవాళ్లు. కుదిరాక విప్పి, బండ్ల మీద తెచ్చి, ఇంటి దగ్గర మళ్లీ నిలబెట్టేవాళ్లు. ఏ నాలుక ఏ బెజ్జంలోదో తెలియడానికి అతుకుల దగ్గర రోమన్ అంకెలు చెక్కేవాళ్లు. ఉలితో నిలువు గీత, ఏటవాలు గీత గీయడం తేలిక, గుండ్రాలు తిప్పడం కష్టం. నా బుల్లి దూలాల మీద కూడా అవే అంకెలు సూదితో గీస్తున్నాను. బయటికి కనబడవు, కానీ నాకు ఇప్పటికే రెండుసార్లు గండం గట్టెక్కించాయి.

మార్చి

పెద్ద హాలు లేచింది. 1504-08 మధ్య, విలియం మోర్టన్ కట్టించిన భాగం. ఇప్పుడు చూస్తే ఇంటికి మూడు వైపులా రెక్కలు, మధ్యలో గులకరాళ్లు పరిచిన ముంగిలి. కానీ మొదట కట్టింది ఇంగ్లిషు హెచ్ అక్షరం ఆకారంలో. మధ్యలో అడ్డగీత హాలు, తూర్పున కుటుంబం ఉండే గదులు, పడమర వంట, సరుకుల గదులు. పడమటి రెక్కని తర్వాత పీకేశారు కాబట్టి దాన్ని ఊడదీయడానికి వీలుగా కట్టాను.

నమూనాకి ఓక్ పనికిరాదు. ఓక్ నార ముతక, 1:50లో ఆ గీతలు పగుళ్లల్లే కనబడతాయి. బాస్‌వుడ్ వాడుతున్నాను. మెత్తన, నార కనబడదు, పదునైన కత్తికి శుభ్రంగా తెగుతుంది. 25 సెంటీమీటర్ల గుంజ ఇక్కడ 5 మిల్లీమీటర్ల పుల్ల.

హాల్లో మొదట నేల మట్టిదే, మీద గడ్డి పరుచుకునేవాళ్లు. మధ్యలో నెగడు, పొగ కప్పు దాకా పోయేది. ఒక కొసన దొర కుటుంబం కూర్చునే చోటు, రెండో కొసన పనివాళ్లు వచ్చిపోయే దారి. ఆ దారికి హాలుకి మధ్య లావాటి నాలుగు స్తంభాలు ఉన్నాయి, వాటి మధ్య జరిపే తెరలు ఉండేవి. ఆ స్తంభాలు నాలుగూ చెక్కడానికే ఎక్కువ రోజులు పట్టింది. కప్పు మోసే వంపు కర్రలు చెక్కేటప్పుడు ఒక విషయం గమనించాను, దాన్ని ఆగస్టుకి దాచిపెడుతున్నాను: గోడ నుంచి గోడకి అడ్డంగా కట్టే దూలం లేదు. కింద నుంచి చూసేవాడి కంటికి ఏదీ అడ్డు రాకూడదని వంపు కర్రలతోనే కప్పుని నిలబెట్టారు.

ఏప్రిల్

తూర్పు రెక్క పొడిగింపు, 1508 నాటిది: ప్రార్థన మందిరం, కుటుంబం కూర్చునే గది. దీని గురించి చెప్పుకోవాల్సింది పెద్దగా లేదు, కట్టడం నల్లేరు మీద బండి నడక.

కానీ దాని పక్కనున్న పార్లర్ గదిలో గోడకి రెండు పొరలు వేశాను. 1976లో ఆ గదిలో 18వ శతాబ్దపు చెక్క పలకలు తీసి చూస్తే వెనక రంగుల గోడ బయటపడింది. పైన బైబిల్ సంబంధమైన సుసానా కథ బొమ్మలు: స్నానం చేస్తున్న ఇల్లాలి మీద కన్నేసి, ఆమె లొంగకపోతే తప్పుడు నింద వేసిన ఇద్దరు పెద్దమనుషులు, చివరికి వాళ్ల అబద్ధం బయటపడటం. కింది భాగంలో ఖరీదైన చెక్కపనీ పాలరాయీ ఉన్నట్టు భ్రమ కలిగించే రంగులు. మోర్టన్ల చిహ్నమైన తోడేలు తల కూడా ఉంది. అంటే చెక్క పలకలు కొనే బదులు పలకల బొమ్మ గీయించారు. కొన్ని తరాల తర్వాత వచ్చినవాళ్లకి అది పాత చింతకాయ పచ్చడి అనిపించింది, నిజం పలకలే పెట్టించి మూసేశారు. ఆ మూతే దాన్ని కాపాడింది. నా నమూనాలో పై పొర పలకని గోటితో లాగితే ఊడి వస్తుంది. వెనక బొమ్మలు సన్న కుంచెతో వేశాను, సుసానా ముఖం ఒక చుక్క.

మే - జూన్

మా మామగారు తణుకు నుంచి వచ్చారు. ఆయన తాపీ మేస్త్రీ, పని మానేసి కొన్నేళ్లయింది. మొదటి వారం నమూనా వైపు చూసి "బొమ్మరిల్లు బాగుందండీ" అన్నారు. అంతే. లిటిల్ మోర్టన్ హాల్‌కి తీసుకెళ్లాక మాత్రం మనిషి మారిపోయారు. గైడు చెప్పేదాన్ని నేను తెలుగులో చెబుతుంటే వినకుండా, ఒక మూల గోడ గళ్ల వైపు తదేకంగా చూసి, "ఇది తడికండీ! తడిక కట్టి మట్టి మెత్తారు!" అని గట్టిగా అన్నారు. నలుగురూ తిరిగి చూశారు.

ఆయన అన్నది నిజమే. ఓక్ చట్రం బరువు మోస్తుంది, మధ్య గళ్లకి మోసే పనేం లేదు. గడిలో నిలువుగా ఓక్ బద్దలు నిలబెడతారు: పై దూలంలో బద్ద కొస దూరడానికి బెజ్జాలు, కింది దూలంలో జారడానికి గాడి. వాటి మధ్య అటూ ఇటూ హేజెల్ చెట్టు కొమ్మలు అల్లుతారు. దాని మీద బంకమట్టి, ఇసుక, తరిగిన గడ్డి, పేడ కలిపి రెండు వైపుల నుంచీ కొట్టి మెత్తి, ఆరాక సున్నం పూస్తారు. తర్వాతి కాలంలో ఇలాంటి గళ్లు కొన్నింటిని ఇటుకలతో నింపారు.

ఫిబ్రవరిలో చేసిన ఓక్ అతుకుకి ఇంకో రెండు కర్రలు కలిపి ఒక గడి చట్రం చేసి పెట్టాను. పక్క పొలం రైతుని అడిగితే బకెట్ పేడ ఇచ్చి, ఎందుకని కూడా అడగలేదు. మామగారు లుంగీ ఎగ్గట్టి టార్పాలిన్ మీద తొక్కడం మొదలుపెట్టారు.

"అల్లుడు గారూ, మీ పుస్తకంలో పేడ ఎందుకేస్తారని రాశారు?"

"అతుక్కోవడానికని, పగలకుండా అని రాశారు మామయ్య గారూ."

"పగలకుండా ఉండేది గడ్డికండీ. పేడ వేస్తే చేతికి జారుతుంది, పని నడుస్తుంది. ఇసక తక్కువేశారు మీరు. ఇంకో తట్ట పొయ్యండి."

పోశాను. రెండు వైపులా ఒకేసారి, ఆయన ఇటు నుంచి, నేను అటు నుంచి, అరచేతి మడమతో కొట్టుకుంటూ వచ్చాం. రెండు వైపుల మట్టీ తడిక సందుల్లో కలిసి పట్టుకోవాలి. ఎండ తగలకుండా తడి గోనె కప్పి ఆరనిచ్చాం. అంచుల్లో వెంట్రుకవాసి పగుళ్లు వచ్చాయి. దానికి ఆయన మళ్లీ తడిపి, బొటనవేలితో రుద్ది, పలచగా మరో పూత పూశారు. వాన పడే దేశంలో ఈ గోడ 500 ఏళ్లు ఎలా నిలిచిందని అడిగాను. "చూరు చూడండి, పై అంతస్తు ఎంత ముందుకుందో చూడండి. వాన గోడ మీద పడితే కదా!" అన్నారు. పై అంతస్తులు ముందుకి తోసుకురావడానికి పుస్తకాలు చాలా కారణాలు చెబుతాయి: నేల తక్కువైనా గది పెద్దదవుతుందని, చూసేవాళ్లకి దర్పంగా ఉంటుందని. గొడుగు సంగతి నాకు ఈయన చెప్పాకే తట్టింది.

జులై

1546లో మొదటి విలియం కొడుకు, రెండో విలియం, పాత పడమటి రెక్క తీసేసి కొత్తది కట్టాడు. నేనూ పీకేశాను. మార్చిలో కష్టపడి కట్టినదాన్ని ఊడదీయాలంటే ప్రాణం ఉసూరుమంది, కానీ షరతు షరతే.

1559లో ఆయనే ఇంకో రెండు పనులు చేశాడు. ఒకటి, హాల్లో మధ్యన అంతస్తు వేయించడం. దాన్ని తర్వాత తీసేశారు కాబట్టి అదీ ఊడదీసే పలకే. రెండోది ముంగిలి వైపు రెండు పెద్ద కిటికీలు. కిటికీ అనడం చిన్న మాట. గోడలోంచి బయటికి పొడుచుకొచ్చిన ఐదు పలకల గాజు గదులవి, కింద ఒకటి, పైన ఒకటి. రెండింటినీ ఎంత దగ్గర కట్టారంటే పైన వాటి కప్పులు ఒకదానికొకటి తగులుతాయి. కాగితం మీద చూస్తే కొలత తప్పారేమో అనిపిస్తుంది. కడుతుంటే తెలిసింది: హాలుకి ఒకటి, పక్క గదికి ఒకటి, రెండింటికీ వెలుతురు కావాలి, ముంగిలి మూల ఉన్నది అంతే.

కిటికీల మీద కట్టించిన యజమాని పేరు, 1559 అని ఏడాది చెక్కి ఉన్నాయి. దాంతోపాటు దేవుడి దయవల్ల ఈ కిటికీలు చేసింది వడ్రంగి రిచర్డ్ డేల్ అని కూడా. 16వ శతాబ్దంలో పనివాడి పేరు యజమాని పేరు పక్కన ఉండటం నేనింకెక్కడా చూడలేదు. 1:50లో ఆ అక్షరాలు చెక్కడం నా వల్ల కాదు. పేరు ఉన్నచోట సూదిమొనతో గాట్ల వరస పెట్టాను.

ఇంటి మొత్తం కిటికీల్లో 30,000 గాజు ముక్కలు ఉన్నాయి, సీసం పట్టీలతో కూర్చినవి. అప్పట్లో పెద్ద అద్దం ఊదడం కష్టం, చిన్న ముక్కలు చేసి కలిపేవాళ్లు. ఇక్కడ ఆ ఇబ్బందినే అలంకారం చేసేశారు: ఒక కిటికీలో పలకలు, ఇంకోదాంట్లో నక్షత్రాలు, మరోదాంట్లో వలయాలు. నా పద్ధతి ఇది: పారదర్శకమైన ప్లాస్టిక్ షీటు కింద గీసిన కాగితం పెట్టి, సూదితో గీతలు గీయడం, పెన్సిల్ పొడి చల్లి రుద్దడం, తుడిచేయడం. గీతల్లో మాత్రం బూడిద రంగు నిలుస్తుంది, దూరం నుంచి సీసంలా కనబడుతుంది. తర్వాత షీటుని కొంచెం వంచి అతికించాను. పాత గాజు ముక్కలు ఒక్కొక్కటీ ఒక్కో కోణంలో ఉంటాయి కాబట్టి వెలుతురు ఒక్కసారిగా మెరవదు, ముక్కలు ముక్కలుగా మెరుస్తుంది. ఆ మెరుపు సగం వచ్చింది.

ఆగస్టు

ఇక దక్షిణపు రెక్క. ఫొటోల్లో అందరూ చూసేది దీన్నే. 1560-62 ప్రాంతంలో రెండో విలియం కొడుకు జాన్ మోర్టన్ కట్టించాడు: అగడ్త వంతెన దాటి లోపలికి వచ్చే ద్వారం, పైన అతిథుల గదులు, అగడ్తలోకే జారిపోయే మరుగుదొడ్ల గోపురం. ఆ పైన మూడో అంతస్తులో లాంగ్ గ్యాలరీ. పని మొదలయ్యాక మధ్యలో పుట్టిన ఆలోచన అది అని చరిత్రకారుల అభిప్రాయం. అప్పటి ధనికుల్లో లాంగ్ గ్యాలరీ కొత్త మోజు. వాన కురుస్తుంటే లోపలే పచార్లు చేయడానికి, ఆటలకి, గొప్పకి.

మామగారికి ఇది చెప్పగానే నవ్వారు. "మన దగ్గరా ఇంతే కదండీ. ప్లాను పాసయ్యేది రెండింటికి, లేపేది మూడు."

పైగా కప్పు గ్రిట్‌స్టోన్ పలకలు. చెషైర్ మైదానంలో ఓక్ పుష్కలం, రాయి కోసం తూర్పున కొండల వైపు చూడాలి. అక్కడ దొరికే ఈ ముతక రాయిని పలకలుగా చీల్చి కప్పారు. ఒక దాని మీద ఒకటి ఎక్కేలా పరిస్తే చదరపు మీటరుకి 100 కిలోలు దాటుతుంది.

ఈ బరువు ఏం చేసిందో నమూనాలో చూపించాలంటే ఒక చిక్కుంది. చిన్న నమూనా తన బరువుకి తాను ఎప్పటికీ వంగదు. లెక్క చూడండి. గ్యాలరీలో ఒక బే, అంటే రెండు వంపు చట్రాల మధ్య భాగం, 3 మీటర్ల ముక్క అనుకుందాం. కప్పు రెండు వాలులూ కలిపి 6 మీటర్లు. 18 చదరపు మీటర్లు, చదరానికి 110 కిలోలు, దాదాపు 2 టన్నులు. 1:50లో ఘనపరిమాణం 1,25,000 రెట్లు తగ్గుతుంది, కాబట్టి నా కప్పు బరువు 16 గ్రాములు. కానీ దాన్ని మోసే కర్ర అడ్డుకోత 2,500 రెట్లే తగ్గింది. అసలు ఇంట్లో కర్ర పడుతున్న ఒత్తిడే నా పుల్ల కూడా పడాలంటే 16 గ్రాములు చాలవు, 800 గ్రాములు పెట్టాలి. యాభై రెట్లు. చిన్న నమూనా చూసి "ఇది నిలిచింది కదా, అదీ నిలుస్తుంది" అనుకోవడం ఇందుకే ప్రమాదం.

అందుకని అసలు నమూనా జోలికి పోకుండా ఒక బే విడిగా కట్టాను. జిగురు లేదు, వెదురు పుల్లల మేకులు. మీద చిన్న ట్రే పెట్టి నట్లు, వాషర్లు పోస్తూ వచ్చాను. 16 గ్రాములకి ఏమీ లేదు. 300 దగ్గర మేకులు చిటచిటమన్నాయి. 800కి వచ్చేసరికి గోడల పైకొసలు రెండూ బయటికి ఒరిగాయి, మధ్య దూరం 4 మిల్లీమీటర్లు పెరిగింది. అసలు ఇంట్లో అది 20 సెంటీమీటర్లు! బాస్‌వుడ్ ఓక్ కన్నా మెత్తన, మేకుల అతుకులూ అంత బిగువు కాదు. కాబట్టి అంకెని పట్టుకోకండి, తీరు చూడండి. మార్చిలో దాచిపెట్టిన సంగతి ఇదే. ఇక్కడా అడ్డ దూలం లేకుండా వంపు కర్రలే. కప్పు కిందికి నొక్కుతుంటే వాలులు రెండూ కాళ్లు చాపుతాయి.

నేను అనుకోనిది ఇంకొకటి జరిగింది. నేల. గ్యాలరీ గోడలు నిలబడ్డది ముందుకి పొడుచుకొచ్చిన దూలాల కొసల మీద. గోడ బరువుకి ఆ కొసలు దిగాయి, కింది గోడ దగ్గర ఆనుకుని, మధ్యలో పైకి లేచాయి. అంటే గది మధ్యలో నేల ఉబ్బింది. లాంగ్ గ్యాలరీలో నడిచినవాళ్లకి నేల ఎత్తుపల్లాలు కాలికి తెలుస్తాయి. ఒక్కో దూలం ఒక్కో తీరుగా పచ్చిది, ఒక్కోటీ ఒక్కో పాటి లేచింది. బల్లచెక్కలు దాన్నే పట్టుకున్నాయి.

తర్వాత రెండు వంపుల మధ్య ఒక అడ్డకర్ర దూర్చి మళ్లీ 800 పెట్టాను. గోడలు ఆగిపోయాయి. అసలు ఇంట్లోనూ ఇదే చేశారు. గ్యాలరీ కప్పుకి అడ్డకర్రలు 17వ శతాబ్దంలో చేర్చి ఉంటారని అంచనా. కొడుకు మోజుపడి కట్టినదాన్ని మనవల కాలంలో పట్టి కట్టారన్నమాట. మామగారు ఊరెళ్లే ముందు చూసిన ఆఖరి ప్రయోగం ఇది. ట్రేలో ఇంకో గుప్పెడు నట్లు పోసి, అడ్డకర్ర విరిగేదాకా చూసి గానీ లేవలేదు.

సెప్టెంబరు

గ్యాలరీని నమూనాలోకి ఎక్కించాను. ఇందులో గోడల్ని కావాలనే వంచి కట్టాను, ప్రయోగంలో వచ్చిన తీరుని బట్టి. వంచి కట్టడం తిన్నగా కట్టడం కన్నా కష్టం. ప్రతి అతుకు కోణమూ వేరు.

గ్యాలరీ రెండు కొసల్లోనూ కప్పు కింది ముక్కోణంలో సున్నపు బొమ్మలున్నాయి. ఒకవైపు అదృష్ట దేవత, చేతిలో చక్రం, దాన్ని నడిపేది అజ్ఞానం అని రాత. రెండో వైపు విధి, దాన్ని ఏలేది జ్ఞానం. రాబర్ట్ రికార్డ్ 1556లో వేసిన ఖగోళశాస్త్ర పుస్తకం మొదటి పేజీ బొమ్మ నుంచి వీటిని తీసుకున్నారు. గణితంలో సమానం గుర్తు, రెండు గీతలది, 1557లో ప్రవేశపెట్టినవాడు ఈయనే. అప్పుడే వచ్చిన సైన్సు పుస్తకం బొమ్మని గోడకెక్కించిన ఇంటివాళ్లు, ఆ గోడ మీద కప్పు బరువెంతో మాత్రం లెక్కేసుకోలేదు. నాకు దీన్ని తలుచుకుంటే నవ్వాగదు.

గ్యాలరీ చెక్క పలకల వెనక 17వ శతాబ్దం మొదట్లోని నాలుగు టెన్నిస్ బంతులు దొరికాయి. 1:50లో బంతి అంటే గసగసాల గింజ. వంటింట్లోంచి నాలుగు తెచ్చి, పట్టకారుతో పలక వెనక పడేసి, మూసేశాను. మా ఆవిడ "అవి ఎవరికి కనబడతాయి?" అంది. ఎవరికీ కనబడవు.

అక్టోబరు

రంగు. ఈ ఇల్లంటే అందరి కళ్లలో మెదిలేది నలుపు తెలుపు. ఇలాంటి కర్ర ఇళ్లకి నల్ల తారు, తెల్ల సున్నం కొట్టడం చాలావరకు 19వ శతాబ్దపు మోజు. మొదట్లో ఓక్‌ని వదిలేసేవాళ్లు, ఎండకీ వానకీ అది వెండి బూడిద రంగుకి తిరిగేది. ఇదంతా తెలిసి నలుపు వేయడం నా చేతులకి రాలేదు. అలాగని మొత్తం వెండి వేస్తే చూసేవాళ్లు ఇది ఆ ఇల్లే కాదంటారు. కాబట్టి ముంగిలి వైపు వెండి, అగడ్త వైపు నలుపు.

వెండికి ఫిబ్రవరి మరకే మందు. సీసాలో వెనిగర్ పోసి ఇనుప పీచు వేసి కొన్నాళ్లు ఉంచితే ద్రావణం తయారవుతుంది. ఓక్‌కి అది రాస్తే చాలు. బాస్‌వుడ్‌లో టానిన్ లేదు కాబట్టి ముందు చిక్కటి టీ డికాషన్ రాయాలి, ఆరాక ద్రావణం. పలచన చేస్తే బూడిద, చిక్కగా ఉంటే నలుపు. రెండు రంగులూ ఒకే సీసాలోంచి వచ్చాయి.

రంగు ఆరుతున్నప్పుడు ఇంటి తర్వాతి కథ చదువుకున్నాను. అంతర్యుద్ధంలో మోర్టన్లు రాజు పక్షం, చుట్టూ ఉన్నది పార్లమెంటు పక్షం. 1643లో ఇంటిని స్వాధీనం చేసుకుని సైనికుల్ని పెట్టారు. ఇల్లు తిరిగి చేతికొచ్చింది కానీ అప్పటికి కుటుంబం చితికిపోయింది. 1654లో ఆ పేరుతోనే ఉన్న మరో విలియం మోర్టన్ పోయేనాటికి అప్పు 3,000 నుంచి 4,000 పౌన్లు. 1670ల చివరికి వాళ్లు ఇంట్లోనే లేరు, కౌలు రైతులకి అద్దెకిచ్చేశారు. 1847కల్లా ప్రార్థన మందిరంలో బొగ్గులు పోసుకుంటున్నారు, కిటికీలకి చెక్కలు కొట్టి ఉన్నాయి. ఇల్లు ఇలా మిగలడానికి సగం కారణం ఈ లేమే అని నాకనిపిస్తుంది. చేతిలో డబ్బున్న మోర్టన్ ఒక్కడు పుట్టి ఉంటే, 18వ శతాబ్దంలో దీన్ని పడగొట్టి ఇటుకతో చతురస్రంగా మేడ కట్టేవాడు.

1892లో ఇల్లు ఎలిజబెత్ మోర్టన్‌కి వచ్చింది. ఆవిడ సన్యాసిని. మందిరాన్ని బాగుచేయించింది. లాంగ్ గ్యాలరీని పట్టి ఉంచడానికి ఉక్కు కడ్డీలు వేయించింది కూడా ఆవిడే అయి ఉండొచ్చంటారు. 1912లో ఎప్పటికీ అమ్మకూడదన్న షరతుతో బంధువైన బిషప్ చార్లెస్ అబ్రహాంకి రాసిచ్చింది. ఆయన ఆరు పెన్నీల టికెట్టు పెట్టి జనానికి తెరిచాడు. 1938లో ఆయనా కొడుకూ కలిసి ఇంటిని పాత కట్టడాలను కాపాడే నేషనల్ ట్రస్టు సంస్థకి అప్పగించారు. 1841 నుంచి కౌలుకున్న డేల్ కుటుంబం 1955 దాకా ఇంటి బాగోగులు చూసింది.

నవంబరు

కడ్డీలు వేశాను. 0.5 మిల్లీమీటర్ల స్టీలు తీగ, గ్యాలరీ గోడ నుంచి గోడకి. ఇప్పుడు నమూనా కప్పు తీసి 800 గ్రాములు పెడితే అడ్డకర్రా తీగా కలిసి మోస్తున్నాయి, గోడల్లో కదలిక లేదు.

1610 నాటి వంటిల్లు, బీరు తయారుచేసే గది మిగిలాయి. ఆ తర్వాత పెద్ద చేర్పులేం లేవు కాబట్టి నా పని కూడా అక్కడికి సరి. కప్పు పలకల కోసం పలచటి బూడిద రంగు అట్ట కోస్తున్నాను. కింద చూరు దగ్గర పెద్దవి, పైకి పోయేకొద్దీ చిన్నవి. రాతి పలకల కప్పు అలాగే పరుస్తారు: బరువైనవి గోడకి దగ్గరగా ఉంటాయి, కోతలో రాయి వృథా కాదు. అగడ్తలో నీళ్లలా కనబడేందుకు పోసే రెసిన్‌కి గది వెచ్చగా ఉండాలి, గ్యారేజీలో ఇప్పుడు చేతులే కొంకర్లు పోతున్నాయి. నీళ్ల పని ఏప్రిల్‌కి వాయిదా. కారు కూడా అప్పటిదాకా బయటే.